గిన్నెలు కడుగుతూ అన్న మాట

హెడ్‌ఫోన్స్ పెట్టుకుంటే కుక్కర్ విజిల్స్ వినపడవు. తీసేస్తే సినిమా వినపడదు. డాక్యుమెంటరీ వాళ్ల కష్టాల గురించి ఎన్నో చెప్తారుగానీ ఇదొక్కటీ ఎవరూ చెప్పలేదు. ఇవాళా కూర మాడింది. "మూడు నెలలు ఎవరింట్లోనో గిన్నెలు కడుగుతుంటే కూర్చుని చూసొచ్చావు. మనింట్లోవి ఎవరు చూడాలమ్మా?" అన్నారు అత్తగారు.

మా ఆయన దర్శకుడు. నేను కెమెరా, సౌండు, టీ. టైటిల్స్‌లో నా పేరు 'సహకారం' కింద, డ్రైవర్ తర్వాత వస్తుంది. మా పద్ధతిలో ప్రశ్నలడగకూడదు, "ఇంకోసారి చెయ్యండి" అనకూడదు. మనం ఉన్నామన్న సంగతే వాళ్లు మర్చిపోయేదాకా ఒక మూల కూర్చుని చూస్తూ ఉండాలి. "నీకిది పుట్టుకతో వచ్చిన విద్యోయ్" అని మెచ్చుకుంటారాయన. పుట్టుకతో కాదు, పెళ్లితో వచ్చింది. గదిలో ఉండి కూడా లేనట్టుండడం పదకొండేళ్ల సాధన.

ఈసారి తీసింది ఏళ్ల తరబడి కాల్పులూ కర్ఫ్యూలూ నడుస్తున్న ఒక పేటలో. అక్కడొకామె భర్త రెండేళ్ల కిందట చెక్‌పోస్టు దాటి వెళ్లి మళ్లీ రాలేదు. పేటకంతా అతను వీరుడు, కూడలిలో ఫొటో కట్టారు. ఈమె వీరుడి భార్య కాబట్టి నవ్వితే తప్పు, కొత్త బట్ట కడితే తప్పు. ఆమె వంటగదిలో నోరు మెదపకుండా మూడు నెలలు కూర్చున్నాను. ఒక మధ్యాహ్నం గిన్నెలు కడుగుతూ, వెనక్కి తిరక్కుండానే అంది: "ఆయన పోయాకే కంటినిండా నిద్రపోతున్నా అక్కా. తలుపు చప్పుడైతే మాత్రం, తిరిగొచ్చాడేమోనని గుండె జారిపోతుంది."

నేను ఫోకస్ సరిచేశాను.

మా ఆయన ఆ షాట్ చూసి కుర్చీలోంచి లేచారు. "అదిరింది! సినిమాకి ప్రాణం ఇదే." మొదటి ప్రదర్శన ఆ పేట హాల్లోనే వెయ్యడం మా ఆనవాయితీ. ముందు వరసలో ఆమె మరిదీ, అతని మనుషులూ కూర్చుంటారు. ఇంతకన్నా చిన్న మాటకి కిందటేడు అక్కడొకామె ఇల్లు తగలబెట్టారు. అదే చెప్పాను. "ఎమోషనల్ అవకు. ఒప్పుకుంటూ కాగితం మీద సంతకం పెట్టింది కదా. ఉన్నది ఉన్నట్టు చూపించడమే మన ధర్మం" అన్నారు. ఉన్నది ఉన్నట్టే. గోడ మీద నా నీడ పడిన షాట్ మాత్రం కోసేశారు.

నిన్న ఆమె ఫోన్ చేసింది. "ఆ మాట సినిమాలో ఉందా అక్కా?" నేను మాట్లాడలేదు, అలవాటు కదా. "అది నీకు చెప్పానక్కా, కెమెరాకి కాదు," అని పెట్టేసింది.

ప్రదర్శన రేపే. పొద్దుట్నుంచి ఆ షాట్ నలభైసార్లు విన్నాను. ముప్ఫయ్యోసారికి అది ఆమె గొంతులా అనిపించలేదు.

ఇందాక ఆయన స్నానానికి వెళ్లగానే తుడిచేశాను. సినిమాలోదీ, అసలుదీ. ఇంకో కాపీ లేదు. కాపీలు తియ్యడం నా పనే, ఇంకా తియ్యలేదు. ఆ చోట ఇప్పుడు ఇరవై సెకన్ల చీకటి.

బయటికొచ్చి ఆ చీకటి చూడగానే "ఎందుకు తుడిచావు?" అంటారు. ఎంత వెతికినా నా దగ్గర ఒక్క జవాబే ఉంది. మీరు ఊళ్లో లేని రోజుల్లోనే నాకు నిద్ర పడుతుందండీ, అని. అది తప్ప ఇంకేదైనా కారణం, కాస్త నమ్మేలాంటిది, మీకెవరికైనా తోస్తే చెప్పండి, మీ కాళ్లు పట్టుకుంటాను. త్వరగా. లోపల నీళ్ల చప్పుడు ఆగిపోయింది.