డెస్మండ్ అనని మాట

నడుముకు కట్టిన తీగ తెగి డెస్మండ్ చచ్చిపోయాడు. ఇంకా పూడ్చనైనా లేదు, అదే మేడ మీద మళ్లీ షూటింగ్ పెట్టారు.

లండన్ శివారు స్టూడియోలో ఆరుబయట చెక్కతో కట్టిన వియన్నా మేడ అది. గూఢచారి హీరో దాని మీంచి దూకుతాడు. హీరో ఎక్కడ దూకుతాడు లెండి! అతని బదులు దూకేది డెస్మండ్. ఇవాళ దూకాల్సింది టెరెన్స్.

బట్టలు చూసుకునే గ్లెనిస్, చనిపోయిన రోజు డెస్మండ్ వేసుకున్న సూటునే ఉతికి ఇస్త్రీ చేస్తోంది. ఎంత నొక్కినా అతని మోకాళ్ల ముడతలు పోవడం లేదు.

"అతనే రెడీ అన్నాడు, తొందరపడ్డాడు" అని మేనేజర్ హార్‌గ్రీవ్ పేపర్ల వాళ్లకు చెప్పాడు. పచ్చి అబద్ధం. దూకేవాడు తీగ సరిచూసుకుని తన నోటితో వాకీటాకీలో 'రెడీ' అనాలి, అప్పుడే కెమెరా తిరగాలి. ఎముకలు విరగ్గొట్టుకుని పనివాళ్లు సాధించుకున్న కట్టుబాటు అది. ఆ రోజు ఎండ పోతోందని హార్‌గ్రీవే 'రెడీ' అనేశాడు. అందరూ విన్నారు. ఆ గొంతు గ్లెనిస్‌ను నిద్రలోనూ వదలడం లేదు.

ఆమె సూటు పట్టుకుని టీ బండి దగ్గరికి వెళ్లింది.

"అది ఇక్కడికెందుకు తెచ్చావే తల్లీ? టీ గొంతు దిగనివ్వవా?" అన్నాడు లైట్ల బార్నబీ.

"దిగకూడదనే తెచ్చా. ఎవరికి తొడగమంటావో చెప్పు."

"నోరు విప్పితే ఇంకో సినిమాకి పిలుస్తారా మనల్ని?"

"డెస్మండ్‌ని పిలుస్తారా?"

టెరెన్స్ చేతిలోని రొట్టె కింద పెట్టేశాడు. "ఇవాళ కట్టిన తీగ కూడా ఆ తెగిన తీగ చుట్టలోదే. మార్చమంటే హార్‌గ్రీవ్ కసిరాడు. నేను ఎక్కకపోతే ఎక్కేవాడు పని కోసం గేటు దగ్గర కాచుక్కూచున్నాడు."

"వాడికైనా సూటు ఇవ్వాల్సింది నేనేగా? లైటు వేయాల్సింది బార్నబీయేగా?"

బార్నబీ టీ పారబోసి లేచాడు.

షాటు వేళకు అందరూ ఎవరి చోట్లలో వాళ్లున్నారు. టెరెన్స్ మాత్రం మేడ కిందే, తన సొంత చొక్కాలో నిలబడ్డాడు.

"టెరెన్స్, రెడీయా?" వాకీటాకీలో హార్‌గ్రీవ్ గొంతు.

"కాదు."

"ఏంటా వేషాలు?"

"లైట్లూ రెడీ కాదు."

"కెమెరా రెడీ కాదు."

"అందర్నీ పీకేస్తా! గేటు దగ్గర బోలెడుమంది ఉన్నారు!"

గ్లెనిస్ బార్నబీ చేతిలోని వాకీటాకీ లాక్కుంది. "డెస్మండ్ రెడీ అనలేదు. అన్నది నువ్వు."

వాకీటాకీ కాసేపు గరగరలాడింది. తర్వాత అందులోంచి ఎవరూ ఎరగని గొంతు వినిపించింది.

"కాపలావాడి వాకీటాకీలో మాట్లాడుతున్నా. గేటు దగ్గర ఉన్నవాణ్ణి. నేనూ రెడీ కాదు."