కన్ను తీసిన రీలు

నేను ఒక సినిమా కెమెరాను. పుట్టింది జర్మనీలో ఒక ఫ్యాక్టరీలో, బతికింది స్వీడన్‌లో. డబ్బు పెట్టి కొన్నది స్టాక్‌హోమ్‌లోని ఒక స్టూడియో అయినా, పెత్తనమంతా ఆర్విడ్ లుండ్‌మార్క్ అనే కెమెరామన్‌ది. ఇంకెవడైనా నన్ను ముట్టుకుంటే ఆయనకు ఒళ్ళు మండేది.

నాలాంటి కెమెరాలకు ఒక నియమం ఉంది. ఫిల్మ్ తిరుగుతున్నంతసేపూ కెమెరామన్ కన్ను నా వెనకున్న రబ్బరు గిన్నెకు అతుక్కుని ఉండాలి. తీశాడా, ఆ సందులోంచి వెలుతురు దూరి ఫిల్మ్‌ని తినేస్తుంది. తెర మీద బొమ్మకు బదులు తెల్లటి పొగ వస్తుంది. ఆర్విడ్‌కు ఈ నియమం ఎంతగా ఒంటబట్టిందంటే, సెట్లో దీపం పేలినా, మనిషి పడిపోయినా తల ఎత్తేవాడు కాదు. దాన్ని అందరూ అంకితభావం అన్నారు. పక్కవాణ్ణి పట్టించుకోకపోవడానికి మనుషులు ఎన్ని మంచి పేర్లు పెట్టుకుంటారో.

ఆయన భార్య మార్తా నటి. "ఇంట్లో కూడా ఒంటికన్నుతోనే చూస్తావేంటి నన్ను? రెండోది ఎవరికోసం దాచావు?" అని ఏడిపించేది. ఆయన నవ్వి ఊరుకునేవాడు.

పేరంతా దర్శకులే కొట్టేస్తున్నారని ఏళ్ళ తరబడి కుళ్ళి, నడివయసులో తనే దర్శకుడయ్యాడు. కెమెరా పనికి ఒకణ్ణి పెట్టుకున్నాడు గానీ మర్నాడే పంపించేశాడు. నా రబ్బరుకి పరాయి కన్ను తగలడం చూడలేకపోయాడు. అందరినీ కనిపెట్టి చూడాల్సిన మనిషి, మళ్ళీ ఆ చిన్న కంతలోనే ఇరుక్కున్నాడు.

ఉత్తరాన గడ్డకట్టిన సరస్సు మీద షూటింగు. మార్తా మంచు మీద నడిచి వెళ్ళి కూలబడాలి, అంతే. మంచు ఎక్కడిదాకా గట్టిగా ఉందో తెలియడానికి ఎర్ర గుడ్డ కట్టిన కర్ర పాతారు. ఎండ ఆ కర్రకు అవతల పడింది.

"ఇంకాస్త ముందుకు, వెలుతురులోకి," అన్నాడు ఆర్విడ్.

ఆమె కర్ర దాటింది. కాళ్ళ కింద మంచు పగిలింది. నడుందాకా, తర్వాత మెడదాకా మునిగింది. చెయ్యెత్తింది.

అసిస్టెంట్ బెర్తిల్ అరిచాడు. "ఆర్విడ్ గారూ, ఆవిడ నటించట్లేదండీ."

"తెలుసు. తాడు తీసుకుని నువ్వు వెళ్ళు."

కన్ను మాత్రం తీయలేదు.

బెర్తిల్ ఆమెను బయటికి లాగాడు. సరస్సు గట్టున చెక్క గదిలో, పొయ్యి పక్కన, కంబళ్ళలో చుట్టుకుని కూర్చుంది. నన్ను ఆ గదిలోనే బల్ల మీద పెట్టారు.

"నన్ను చూశావా?" అని అడిగింది.

"మొత్తం వచ్చింది, మార్తా. అద్భుతంగా వచ్చింది."

"వచ్చిందా అని కాదు నేనడిగింది."

ఆ తర్వాత ఆమె ఆయన ఇంటికి వెళ్ళలేదు. సినిమా దేశదేశాలు తిరిగింది. ఆ చెయ్యెత్తిన షాటుకు జనం లేచి నిలబడి చప్పట్లు కొట్టారు. అది నటన అనుకున్నారు మరి.

రెండో సినిమాలో, రేవులో ఒక కొత్త నటి తడి చెక్కల మీద కాలు జారింది. ఆర్విడ్ నన్ను వదిలేసి పరిగెత్తాడు. ఫిల్మ్ తిరుగుతూనే ఉంది, వెనకనుంచి వెలుతురు దూరుతూనే ఉంది. ఆ పిల్ల లేచి మోకాలు దులుపుకుని, "ఏమీ కాలేదండీ, ఎందుకంత కంగారు?" అంది. ఆయన మోకాళ్ళ మీద కూర్చుని వెక్కి వెక్కి ఏడ్చాడు. ఆనాటి నుంచి ఏ షాటులోనూ కన్ను ఆనించలేకపోయాడు.

"పొగ చూడ్డానికి టికెట్టు ఎవడు కొంటాడయ్యా?" అని నిర్మాత సినిమా ఆపేశాడు. ఆర్విడ్ కొన్నాళ్ళు సబ్బుల ప్రకటనలు తీశాడు. తర్వాత అవీ లేవు. ఒకనాడు ఆయనా లేడు.

నేనిప్పుడు మ్యూజియంలో ఉన్నాను. మొన్నామధ్య మార్తా వచ్చింది, చేతికర్రతో. ఎవరో తెలియక గైడు ఎప్పటి పాటే అందుకున్నాడు. "ప్రాణం మీదికొచ్చినా కన్ను తీయని మనిషండీ."

"ఎవరి ప్రాణం?" అంది.

గైడు పక్కనున్న బోర్డు వంక చూశాడు.

"ఒకసారి కన్ను తీశాడట. బెర్తిల్ చెప్పాడు. ఆ రీలు ఉందా?"

"అందులో బొమ్మేమీ లేదండీ, ఉత్త తెలుపు. ఎప్పుడో పారేశారు."

అందరూ నా లెన్సు ముందు నిలబడి ఫొటోలు దిగుతారు. ఆమె మెల్లగా నా వెనక్కి నడిచి, ఎండి బీటలు వారిన ఆ రబ్బరు వైపు చాలాసేపు చూసింది.

"ఆ తెలుపు కోసమే వచ్చాను," అంది.