దర్జీగారి చీటీలు

"కుట్రల పుస్తకమా? ఎందుకు లేదండీ, బోలెడున్నాయి" అంటూ లైబ్రరీ అటెండరు బాబాయ్ నిచ్చెనెక్కాడు.

ఆ పెద్దమనిషి అడిగింది కుట్రల పుస్తకం కాదు, కుట్ల పుస్తకం. నలభై ఏళ్లు దర్జాగా బతికిన దర్జీ ఆయన. ఆయన గొంతు చిన్నది. బాబాయ్ చెవులు చూడ్డానికి పెద్దవే గానీ వాటి పనితనం చిన్నది. మధ్యలో ఎక్కడో ఒక 'ర' చొరబడింది. ఆ 'ర' పుణ్యమా అని మూడువందల పన్నెండు పేజీల హత్యల నవల ఆయన చేతిలో పడింది. అట్ట మీద కత్తి, కత్తి మీద నెత్తురు. కత్తెర పనికని వచ్చిన మనిషి కత్తి పట్టుకుని ఇంటికెళ్లాడు.

మూడో రోజున పుస్తకం తిరిగొచ్చాక గానీ ఈ సంగతి లైబ్రేరియనమ్మకి తెలియలేదు.

"అయ్యో మాస్టారూ, ఏమనుకోకండి. మా బాబాయ్‌కి వినపడింది ఒకటి, ఇచ్చింది ఒకటి" అని ఆవిడ నొచ్చుకుని, కుట్టుపని మీద బొమ్మలతో ఉన్న పుస్తకం వెతికి ఇచ్చింది. దర్జీగారు ఏదో అనబోయి, నోట్లోనే మడత పెట్టుకుని, అది పట్టుకెళ్లారు. మర్నాడే వెనక్కి తెచ్చేశారు.

"ఇందులో ఉన్నవన్నీ నా చేతులు చేసినవే తల్లీ. ఇప్పుడివి నా మాట వినట్లేదు. పోనీ కళ్లతోనైనా కుట్టుకుందామనుకున్నా. కుదర్లేదు."

అప్పుడు చూసిందావిడ. బల్ల మీద పెట్టిన ఆయన చేతులు, ఆగిపోయిన బండిలో ఇంకా తిరుగుతున్న ఇంజనులా, సన్నగా వణుకుతున్నాయి. మిషను కొడుక్కి అప్పజెప్పి ఆరునెలలైందట. మధ్యాహ్నం భోజనమయ్యాక సాయంత్రం రావడానికి మరీ ఎక్కువ సేపు పడుతోందట. ఊరికే కూర్చోలేక కోడలు ఆరేసిన బట్టల్లో వంకర కుట్లు వెతుకుతుంటే, "మామయ్యా, మీరు కాసేపు అలా తిరిగి రండి" అందట ఆ పిల్ల. అలా తిరుగుతూ ఇలా వచ్చారు.

లైబ్రేరియనమ్మకి ఈ ఉద్యోగంలో ఇరవై రెండేళ్లు. వచ్చినవాళ్లు తమకి తెలిసిన మాట అడుగుతారే గానీ కావలసిన పుస్తకం అడగరని ఆవిడకి తెలుసు. ఈయనకి తెలిసిన మాట కుట్లు. కావలసింది మధ్యాహ్నాలు గడవడం. దారం చేజారిన మనిషికి ఏదో ఒక ఆధారం దొరకాలి.

అందుకు ఆవిడ దగ్గర ఓ రహస్య పద్ధతి ఉంది. పాత క్యాలెండర్లు చింపి, వేలెడు వెడల్పున చీటీలు కత్తిరించి, ప్రతి పుస్తకంలోనూ ముందే ఒకటి పెట్టి ఉంచుతుంది. పుస్తకం ఎలా ఉందని అడిగితే అందరూ బాగుందనే అంటారు; పెళ్లి భోజనం గురించి అడిగినట్టే. చీటీకి ఆ మొహమాటం లేదు. చదవడం ఎక్కడ ఆపారో అక్కడే పడుకుని ఉంటుంది. ఇరవయ్యో పేజీలో ఉంటే మొదలు నచ్చలేదని, సగంలో ఉంటే మధ్యలో సాగదీశారని, అసలు లేకపోతే చివరిదాకా చదివి చీటీని ఏ పొయ్యిలోనో వేశారని లెక్క. ఆ చీటీల లెక్కతోనే ఆవిడ ఎంతోమందికి ఎవరి పుస్తకం వాళ్లకి చేర్చింది. ఒక్క పాఠకుణ్ణీ పోగొట్టుకోలేదన్నది ఆవిడ గర్వం. పైకి చెప్పదు, చెప్పకపోయినా నడకలో తెలుస్తుంది.

దర్జీగారి హత్యల నవలలో చీటీ నూటపన్నెండో పేజీలో ఉంది. 'పాపం, మూడోవంతుకే అలిసిపోయాడు' అనుకుని, రెండువందల పేజీల కుటుంబ కథ ఇచ్చింది. చీటీ ముప్పై ఎనిమిదో పేజీలో ఆగింది. నూట ఇరవై పేజీల నవల ఇస్తే నలభైలో ఆగింది. అరవై పేజీల కథల పుస్తకం ఇస్తే తొమ్మిదో పేజీలోనే చతికిలబడింది. పుటలు తగ్గుతున్నాయి, పూటలు గడవడం లేదు. ప్రతిసారీ "ఎలా ఉంది మాస్టారూ?" అంటే "బాగుందమ్మా" అనేవారాయన. కాకపోతే ఆ 'బాగుంది' ఒక్కోసారికీ ఒక్కో అంగుళం కురచవుతోంది.

చివరికి ఆవిడ పెద్దక్షరాల పిల్లల పుస్తకం తీసింది. ఏనుగు బొమ్మతో ఇరవై నాలుగు పేజీలు. ఆయన దాన్ని అటూ ఇటూ తిప్పి చూశారు.

"ఇదే ఆఖరుదమ్మా. ఇది తిరిగిచ్చేటప్పుడు కార్డు కూడా ఇచ్చేస్తాను."

"అదేంటి మాస్టారూ?"

"ఏం లేదమ్మా. ఇంట్లోనే కూర్చుంటా" అని, ఏనుగుని చంకలో పెట్టుకుని వెళ్లిపోయారు.

ఆ వారమంతా లైబ్రేరియనమ్మకి అన్నం సయించలేదు. పాఠకుడు పోతున్నాడన్నది ఒక బాధ. ఆ మనిషి ఇంట్లో కూర్చుని, మాట వినని చేతుల్ని చూసుకుంటూ సాయంత్రం కోసం ఎదురు చూస్తాడన్నది అంతకంటే పెద్ద బాధ.

ఏనుగు పుస్తకం గడువు తీరే రోజు పొద్దున, బాబాయ్ నిచ్చెన మీద నుంచి వంగి దుమ్ము దులుపుతుంటే, ఆయన చొక్కా కాలరు తళుక్కుమంది. కాలరు మడతలో వరసగా నాలుగు గుండుసూదులు.

"ఏంటి బాబాయ్, ఈ అలంకారం?"

"ఆ దర్జీగారి దయమ్మా. చీటీ జారకుండా సూది గుచ్చి తెస్తాడు. మీరు చూస్తే ఆయన్ని కేకలేస్తారని గుమ్మం దగ్గరే నేను పీకేస్తుంటా. పారేస్తే ఎవరి కాలికైనా దిగుతాయి కదా, అందుకని ఇలా."

పుస్తకంలో సూది అంటే లైబ్రేరియనమ్మకి నిజంగానే ఒళ్లు మండుతుంది. కానీ ఆ క్షణాన మండలేదు. చదవడం ఆపిన చోటికి గుర్తుగా చీటీ చాలు. సూది గుచ్చేంత పట్టుదల ఎందుకు?

నాలుగు పుస్తకాలూ బల్ల మీదకి తెప్పించింది. చీటీ దొరికిన పేజీలు ఆవిడకి కంఠతా వచ్చు. పేజీ అంకె చూసిందే గానీ ఇన్నాళ్లూ ఆ పేజీలో ఏముందో చూడలేదు. ఇప్పుడు చూసింది. ముప్పై ఎనిమిదో పేజీ అంచున రెండు సన్నటి చిల్లులు. వాటి పక్క వాక్యంలో అత్తగారు కోడలికి కాఫీ కలిపి ఇస్తోంది. ఆ అత్తగారు పదిహేనో పేజీలోనే పోయింది.

ఆవిడ కళ్లజోడు తుడుచుకుంది. నలభయ్యో పేజీ తీసింది. జేబుల్లేని జుబ్బా వేసుకున్నాయన జేబులోంచి తాళంచెవి తీస్తున్నాడు. తొమ్మిదో పేజీలో మంగళవారం బయల్దేరినవాడు సోమవారం చేరుకున్నాడు. ఇక హత్యల నవల. నూటపన్నెండో పేజీలో చిల్లుల పక్కన, హంతకుడు ఎడమచేత్తో సంతకం పెడుతున్నాడు. ఇందులో తప్పేముందో తెలియక ఆవిడ పేజీలు తిప్పుతూ పోయింది. మూడువందల పదో పేజీలో, అందరి ముందూ పట్టుబడ్డప్పుడు, వాడు కత్తి ఎత్తింది కుడిచేత్తో.

అంటే ఆ సూది గుచ్చినవాడు చివరిదాకా చదివి, వెనక్కొచ్చి గుచ్చాడన్నమాట.

పదకొండింటికి దర్జీగారు వచ్చారు. ఏనుగు పుస్తకం బల్ల మీద పెట్టి, దాని మీద కార్డు పెట్టారు. ఏనుగులో సూది లేదు.

"మాస్టారూ, ఒక్కమాట. మీ కొట్లో బట్టకి చీటీ పెట్టి సూది గుచ్చితే ఏమిటర్థం?"

"ఇక్కడ పొరపాటుంది, విప్పి సరిచెయ్యాలని. నలభై ఏళ్ల అలవాటమ్మా. మీరు ప్రతి పుస్తకంలోనూ చీటీ పెట్టి పంపుతుంటే, తేడా ఉన్నచోట గుచ్చి తెమ్మని కాబోలు అనుకున్నా. మీరు చూసి ఆ రాసినాయనకి చెప్తారని. మరీ ఎక్కువ తప్పులు చూపిస్తే బాగోదని పుస్తకానికి ఒకటే పెట్టేవాణ్ణి."

"మరి పుస్తకాలన్నీ చివరిదాకా చదివారా?"

"రెండేసిసార్లు. మొదటిసారి తొడుక్కుని చూడ్డానికి, రెండోసారి తిరగేసి లోపలి కుట్టు చూడ్డానికి."

"మరి కార్డు ఎందుకిచ్చేస్తున్నారు?"

 దర్జీగారు చేతులు బల్ల కిందకి దించుకున్నారు.

"మొదట మూడొందల పేజీలిచ్చారు. తర్వాత రెండొందలు. తర్వాత నూట ఇరవై, అరవై. ఆఖరికి ఏనుగు. చేతులతో పాటు బుర్ర కూడా వణుకుతోందని మీరు అనుకుంటున్నారని అర్థమైందమ్మా. మీ తప్పేం లేదు. చూసేవాళ్లకి అలాగే ఉంటుంది."

లైబ్రేరియనమ్మ చటుక్కున లేచి నిలబడింది. లేస్తే కుర్చీ వెనక్కి పడింది. పేపర్లు చదివే బల్ల దగ్గర, ఎప్పుడూ హెడ్డింగులు మాత్రమే చదివే పెద్దాయన తలెత్తాడు.

"ఏమైందమ్మాయ్?"

"ఏమైందంటే తాతగారూ, నా అతితెలివి బయటపడింది. అందరూ వినండి. చీటీ ఎక్కడుంటే చదువు అక్కడ ఆగిందని నేను ఇరవై రెండేళ్లుగా మీ అందరి కొలతలూ తీస్తున్నా, మీకెవరికీ చెప్పకుండా. ఈయనేమో చీటీ పెట్టేది తప్పు దొరికిన చోట. ఈయన తప్పులు పట్టుకుంటుంటే నేను చదవలేకపోతున్నారనుకుని పుస్తకాలు కురచ చేసుకుంటూ పోయా. కొలత తప్పింది టేపుది మాస్టారూ, మీది కాదు. నన్ను క్షమించండి."

 పెద్దాయన మెల్లగా అన్నాడు: "అందుకేనా, నాకు పోయిన నెలనుంచీ ఒక్క నవల కూడా ఇవ్వట్లేదు? చీటీ మా మనవరాలు పీకి మొదటి పేజీలో పెట్టేస్తుందమ్మా."

నవ్వులు మొదలయ్యాయి. దర్జీగారు కూడా నవ్వారు, భుజాలు కదిలేలా.

"సరే మాస్టారూ, ఈసారి అంకెలొద్దు, చీటీలొద్దు. నోరు తెరిచి చెప్పండి. అన్నిట్లోకీ ఏది నచ్చింది?"

"ఆ మొదటిదేనమ్మా. హత్యలది. ఎవడు చంపాడో నాకు తొంభయ్యో పేజీకే తెలిసిపోయింది. వాడి కోటుకి ఒక్క గుండీ దారం మాత్రం కొత్తది, అంటే పెనుగులాటలో ఊడిందన్నమాట. అలాంటిదే ఇంకోటి అడుగుదామనుకున్నా. మీరేమో అది పొరపాటున ఇచ్చామని అంత నొచ్చుకుంటుంటే నోరు రాలేదు."

ఆవిడ స్వయంగా నిచ్చెనెక్కింది. ఆరువందల నలభై పేజీల నవల దించింది. పదకొండు హత్యలు. దానితో పాటు చీటీలు కట్టగా ఇచ్చింది.

"తప్పులు ఎన్ని దొరికితే అన్నీ చూపించండి. మొహమాటం వద్దు. సూదులు మాత్రం వద్దు."

దర్జీగారు కార్డు తీసుకుని చొక్కా జేబులో పెట్టుకోబోయారు. చెయ్యి వణికి రెండుసార్లు గురి తప్పింది. ఎవరూ సాయానికి వెళ్లలేదు. మూడోసారికి దిగింది.

ఇదంతా నిచ్చెన పట్టుకుని వింటున్న బాబాయ్, తనకి వినపడినంత మేరకి కూడబలుక్కుని, కాలరు సర్దుకున్నాడు.

"అయితే మొత్తానికి ఆయనకి సరిపోయింది నేనిచ్చిందేనన్నమాట" అన్నాడు.