కిటికీ పక్క జాగా

దర్జీ కడుపుమంటంతా బావమరిది మీదే. ఎంత తొక్కినా గడప దాటని ఎక్సర్‌సైజు సైకిలును తను వాడలేక, అక్కకు కానుకంటూ తెచ్చి, సరిగ్గా దర్జీ పడక్కుర్చీ ఉండే కిటికీ పక్కన దింపిపోయాడు. కుర్చీ వంటింటి మూలకు చేరింది.

"నా ఒంటికి సరిపడకపోతే రేపే వెనక్కి పంపెయ్యాలి," అని భార్యను ఒప్పించాడు దర్జీ. సీటు అడుగుకంటా దించి ఎక్కాడు. మోకాళ్లు వచ్చి గడ్డానికి తగిలాయి.

"చూశావా? ఇది మనుషుల కోసం కుట్టింది కాదే!"

"అందరి కొలతలూ తీస్తారు, మీ కొలత మీకు తెలీదూ? దిగండి."

భార్య అతణ్ని సైకిలు పక్కన నిలబెట్టి, సీటును అతని తుంటి ఎత్తుకు లేపి బోల్టు బిగించింది.

"ఇప్పుడెక్కండి. పెడల్ కిందికెళ్లినప్పుడు మోకాలు కాస్త వంగితే చాలు."

దర్జీ మూతి ముడుచుకునే ఎక్కాడు. కానీ ఏళ్ల తరబడి మిషను తొక్కిన కాళ్లాయె, వాటంతటవే ఆడసాగాయి. కిటికీ గాలి ముఖానికి తగిలింది.

"అబ్బ, కొలిచి కుట్టినట్టుందే!"

"ఏమన్నారూ?"

దర్జీ నాలిక్కరుచుకున్నాడు. ఆ ఒక్క మాటతో నాలుగడుగుల పొడుగు, రెండడుగుల వెడల్పు గల కిటికీ పక్క జాగా శాశ్వతంగా చేజారిపోయింది.