నీలం డబ్బా

తూబా రాగి పళ్ళెంలో పప్పు పోసుకుని రాళ్ళు ఏరుతోంది. ఎదురుగా కూర్చున్న కూతురు మాహ్‌రుఖ్ ఏరిన రాళ్ళను మళ్ళీ పప్పులోనే వేస్తోంది.

"కెమెరా తప్ప నీ చేతులకి ఏ పనీ రాదే తల్లీ," అంది తూబా.

నిజానికి సినిమా పనిలో ఆ చేతులకు రానిది లేదు. టెహ్రాన్‌లో పెళ్ళిళ్ళు తీసింది, తివాచీల కొట్టుకి ప్రకటనలు తీసింది, పిల్లలకు బొమ్మల సినిమా తీసింది. కెమెరా, శబ్దం, కూర్పు అన్నీ తానే. రెండేళ్ళుగా మాత్రం రహస్యంగా ఒక సినిమా తీస్తోంది. జైలు నుంచి వచ్చిన పన్నెండుమంది ఆడవాళ్ళు అందులో ముఖాలు దాచుకోకుండా మాట్లాడారు. అది దొరికితే వాళ్ళందరూ మళ్ళీ లోపలికే. ఆ సినిమా ఉన్న హార్డ్ డిస్కును పొద్దున్నే వంటింటి నీలం డబ్బాలో, ఎండు నిమ్మకాయల అడుగున పెట్టింది. తల్లికి చెప్పలేదు. తెలియకపోతే ఎవరడిగినా భయం లేదనుకుంది.

గంట మోగింది. భవనం బాగోగులు చూసే కరామతీ. పోయిన నెల పై అంతస్తు కుర్రాడింట్లో అతను టీ తాగి వెళ్ళాడు, మర్నాడే పోలీసులు ఆ కుర్రాణ్ణి తీసుకుపోయారు.

"గొట్టం కారుతోందట, చూసిపోదామని." అతని చూపు అరల మీదే తిరిగింది. "డైరెక్టరమ్మ ఏం తీస్తున్నారో?"

"పెళ్ళిళ్ళేనండీ," అంది మాహ్‌రుఖ్.

"పెళ్ళికూతుళ్ళు బాగా మాట్లాడతారా?"

మాహ్‌రుఖ్ పప్పు పళ్ళెం తన వైపు లాక్కుంది.

కరామతీ నీలం డబ్బా అందుకున్నాడు. "ఈ డబ్బా ముచ్చటగా ఉంది తూబా ఖానుం గారూ."

"మీకన్నా ఎక్కువా, తీసుకోండి," అంది తూబా అలవాటుగా.

మెచ్చినది ఇస్తాననడం ఇంటివాళ్ళ మర్యాద, వద్దనడం వచ్చినవాడి మర్యాద. మూడుసార్లు.

"అయ్యో, వద్దండీ."

"మీరు కాదంటే నా మీదొట్టే."

"ఎందుకండీ శ్రమ."

"తీసుకోండి బాబూ."

మాహ్‌రుఖ్ మూడో 'వద్దు' కోసం ఊపిరి బిగబట్టింది. కరామతీ డబ్బాను చంకన పెట్టుకున్నాడు. ఒకసారి ఊపి చూశాడు.

"నిమ్మకాయలు ఇంత బరువా?"

"మా చెల్లెలు షీరాజ్ నుంచి పంపిందిలెండి. అదెప్పుడూ కుక్కి పంపుతుంది," అంది తూబా.

అతను నవ్వి దిగిపోయాడు. మెట్ల మలుపులో అడుగుల చప్పుడు ఆగింది. మూత తీసిన చప్పుడు వినిపించింది.

"డబ్బా పోతే పోయింది, ఆ మొహమేంటే?" అంది తూబా.

ఫోను వెంట ఉంటే జాడ దొరుకుతుందని మాహ్‌రుఖ్ దాన్ని పప్పు పళ్ళెం పక్కన వదిలేసింది. పన్నెండు ఇళ్ళకు కబురు చేరాలి. ముందు ఎవరిది? తలకు గుడ్డ చుట్టుకుని, చెప్పులు చేత్తో పట్టుకుని, వెనకవైపు మెట్ల మీదుగా వెళ్ళిపోయింది.