బ్యాటు వదలని నవనీత

బేస్‌బాల్ ఆడతానని చెబితే మా ప్రగతి నగర్ అపార్ట్‌మెంట్లో ప్రతివాళ్ళూ "బుట్టలో బంతి వేసేదే కదమ్మా" అంటారు. కాదని మూడేళ్ళుగా చెబుతూనే ఉన్నాను. ఇప్పుడు కప్పు కూడా గెలిచాం కాబట్టి ఆఖరిసారి ఓపిగ్గా చెబుతాను. ఇందులో బుట్ట లేదు. నాలుగు మూలల్లో నాలుగు బేసులుంటాయి. ఆఖరి దాని పేరు హోమ్. హోమ్ దగ్గర నిలబడి బంతిని కొట్టి, బ్యాటును అక్కడే పడేసి, మిగతా మూడింటినీ చుట్టి తిరిగొస్తే ఒక పరుగు. బ్యాటును అక్కడే పడేసి. ఆ ముక్క గుర్తుపెట్టుకోండి, ఈ ఏడాది మా ప్రాణాలు తోడేసింది అదే.

నేను కృష్ణప్రియని. బాచుపల్లిలో ఇంజినీరింగ్ ఆఖరి సంవత్సరం, అమ్మాయిల జట్టు కెప్టెన్ని. కిందటేడు ఫైనల్లో ఒక్క పరుగుతో ఓడిపోయాం. ఈసారి కూడా పోతే నాకు ఇంకో ఏడాది లేదు. అందుకని జూలైలో కొత్త పిల్లలు రాగానే కబడ్డీ ఆడేవాళ్ళని, ఖోఖో ఆడేవాళ్ళని, బస్సు వెనకాల పరిగెత్తి ఎక్కేవాళ్ళని కూడా వదలకుండా పట్టుకొచ్చాను.

అలా దొరికింది నవనీత. వాళ్ళ నాన్న పెంటయ్య గారు మాదాపూర్‌లో ఒక ఆఫీసు టవర్‌కి సెక్యూరిటీ గార్డు. పిల్ల గుప్పెడంత ఉంటుంది. మొదటి రోజు మూడో బంతికే కాంపౌండు గోడ దాటించింది. మా కోచ్ భీమేశ్వరరావు సార్ ఈల నోట్లోంచి జారిపోయింది. మేం చప్పట్లు కొట్టేలోపే ఆ పిల్ల బ్యాటును చేత్తో గట్టిగా పట్టుకుని, క్రికెట్‌లో లాగా పరుగందుకుంది.

నవ్వాం. క్రికెట్ నుంచి వచ్చినవాళ్ళందరూ మొదట్లో అలాగే చేస్తారు, వారంలో పోతుందనుకున్నాం. నెలైనా పోలేదు. రెండు నెలలైనా పోలేదు. నేను "వదిలెయ్!" అని అరిచిన అరుపుకి గ్రౌండులో తిరిగే కుక్క నోట్లో ఉన్న మా బంతిని వదిలేసింది కానీ, నవనీత బ్యాటును వదల్లేదు.

"పుట్టుకతో వచ్చిన బుద్ధి పుడకలతో గానీ పోదంటారు, ఊరికే అన్నారా" అనేవారు సార్.

సెప్టెంబరులో పోటీలు మొదలయ్యాయి. మొదటి రెండు మ్యాచ్‌లూ గెలిచాం, రెండిట్లోనూ నవనీత బంతిని ఎంత దూరం కొట్టిందంటే, ఆ బ్యాటుతో పాటు మా వాటర్ క్యాన్ మోసుకుని పరిగెత్తినా అవుటయ్యేది కాదు. మూడో మ్యాచ్‌లో అదృష్టం తిరగబడింది. బంతి దగ్గర్లోనే పడింది. నవనీత ఉరికి, మొదటి బేసు ఇంకా రెండడుగులు ఉండగానే వంగి, చేతిలోని బ్యాటును చాచి బేసుకి ఆనించి, గెలిచినట్టు తలెత్తి చూసింది. బేస్‌బాల్‌లో బ్యాటు ఆనితే లెక్కలోకి రాదు, మనిషి తగలాలి. అవతలి పిల్ల తాపీగా బంతి పట్టుకుని బేసు తొక్కింది. అవుట్. ఒక్క పరుగుతో ఓడిపోయాం.

నాకు అరికాలి మంట నెత్తికెక్కింది. "ఏమ్మే, అదేమన్నా మీ తాత ఆస్తా? వదిలితే ఎవరన్నా ఎత్తుకుపోతారా?" అని అందరి ముందూ అరిచేశాను. నవనీత ఎందుకో నా వైపు వింతగా చూసింది, అంతే.

మిగతా మ్యాచ్‌లు గెలిచి ఎలాగో ఫైనల్‌కి చేరాం. సార్ నన్ను పిలిచారు. ఆయనకి కోపం వస్తే మాకు గారు తగిలిస్తారు. "చూడండి కెప్టెన్ గారూ, ఫైనల్లో నవనీత బదులు ఉమాశ్రీని ఆడిద్దాం. నవనీత బాగానే కొడుతుందండి, కానీ నమ్మలేం. వచ్చే ఏడు కూడా ఈ అలవాటు మానకపోతే ఇక జట్టులోనే వద్దు" అన్నారు. ఆలోచించుకుని చెబుతానన్నాను.

ఆ మాట నవనీతకి నేనే చెప్పాలి కదా. ఫోన్‌లో చెప్పడానికి నోరు రాక, ఆదివారం మెట్రో ఎక్కి మాదాపూర్ వెళ్ళాను. వాళ్ళ నాన్న పనిచేసే టవర్ వెనక రోడ్డు ఆదివారాలు ఖాళీ. పదిహేను మంది మగపిల్లలు అక్కడ టెన్నిస్ బంతితో క్రికెట్ ఆడుతున్నారు. మధ్యలో నవనీత ఒక్కతే ఆడపిల్ల.

"అక్కా, వచ్చినవా! రా, ఒక బాల్ ఆడు" అని బ్యాటు నా చేతిలో పెట్టింది. సరే, చెడు కబురు ఐదు నిమిషాలు ఆలస్యంగా చెబితే కొంప మునగదని నిలబడ్డాను. బంతి బాగానే తగిలింది. మూడేళ్ళ అలవాటు, బ్యాటును అక్కడే పడేసి అవతలికి పరిగెత్తాను. పరుగు పూర్తి చేసి వెనక్కి తిరిగేసరికి ఒకడు నా బ్యాటు తీసుకుని, కాళ్ళు సర్దుకుని, బ్యాటింగ్‌కి సిద్ధంగా నిలబడ్డాడు.

"నేనింకా అవుట్ కాలేదు!" అన్నాను.

"బ్యాట్ ఇడ్సినవ్ గదక్కా. నీ బ్యాటింగ్ ఖతం" అన్నాడు వాడు. మిగతావాళ్ళంతా అవునంటే అవునన్నారు.

నవనీత నవ్వింది. "ఈడ గంతే అక్కా. ఒక్కటే బ్యాట్, గిందరు పోరలు. చేతిలకెళ్లి ఇడ్సినమా, ఇగ మన్ది కాదు. చిన్నప్పుడు నన్నైతే మల్ల రెండు వారాలు ఆడనియ్యలె. అప్పటికెల్లి ఇడ్సుడు బంద్ జేసిన."

అందరి ముందూ నేను అరిచిన మాట గుర్తొచ్చి సిగ్గుతో చచ్చిపోయాను. వదిలితే ఎవరన్నా ఎత్తుకుపోతారా అని అడిగాను. ఎత్తుకుపోతారు మరి! చెప్పాలని వచ్చిన కబురు చెప్పకుండానే ఇంటికి వచ్చేశాను.

సార్‌ని బతిమాలి, బామాలి, ఆఖరికి పోట్లాడి ఒప్పించాను. ఫైనల్ రోజు పొద్దున అంపైర్‌కి ఇచ్చే కాగితం నకలు ఒకటి తీసుకెళ్ళి నవనీత ముందు పెట్టాను. మా తొమ్మిది మంది పేర్లు, బ్యాటింగ్‌కి వచ్చే వరసలో.

"మూడో పేరు నాది. నాలుగో పేరు ఎవరిది?"

"నాది."

"ఇంకో కాగితం అంపైర్ దగ్గరుంటుంది. నువ్వు బ్యాటు ఎక్కడన్నా పడెయ్, దాన్ని ఎవరన్నా పట్టుకోనీ. నా తర్వాత నువ్వే. రెండోసారీ నువ్వే, మూడోసారీ నువ్వే. నీ వంతు ఎవరూ తీసుకోలేరు."

తన పేరు మీద వేలు పెట్టి చాలాసేపు చూసింది. "పక్కానా అక్కా?"

"పక్కా."

కాగితం మడిచి జేబులో పెట్టుకుంది.

కాగితం పనిచేసిందో లేదో ఫైనల్లో చాలాసేపటి దాకా తెలియలేదు. నవనీత కొట్టిన మొదటి రెండు బంతులూ గాలిలోనే క్యాచ్ పట్టేశారు. ఏడో ఇన్నింగ్స్, అంటే ఆఖరిది. చెరో నాలుగు పరుగులు. మా వాళ్ళు ఇద్దరు అవుట్, మూడో అవుట్ పడితే మా వంతు అయిపోతుంది. నేను మూడో బేసు మీద ఉన్నాను, హోమ్ తొక్కితే కప్పు మాది. కానీ నవనీత మొదటి బేసుకి బంతి కన్నా ముందు చేరాలి. చేరకపోతే నా పరుగు చెల్లదు, ఇంకో ఇన్నింగ్స్ ఆడాలి. బంతులు వేసే రసజ్ఞ భుజానికి అప్పటికే ఐసు కట్టి ఉంది.

నవనీత కొట్టింది. బంతి నేల మీద దొర్లుకుంటూ సరిగ్గా అవతలి పిల్ల దగ్గరికే వెళ్ళింది. ఇక కాళ్ళ మీదే భారం. నేను తల వంచుకుని హోమ్ వైపు పరిగెత్తాను. నవనీతని చూసే తీరిక లేదు. చూసే ధైర్యం కూడా లేదు.

హోమ్ ఇంకా నాలుగడుగులు ఉందనగా దుమ్ములో ఏదో కాలికి అడ్డం వచ్చింది. బ్యాటు! ఎక్కడ కొట్టిందో అక్కడే పడి ఉంది. దాని మీద నుంచి గెంతి హోమ్ తొక్కాను. అంపైర్‌ని చూడకముందే కేక పెట్టేశాను. వెనక్కి తిరిగేసరికి ఆయన రెండు చేతులూ బారచాపి నిలబడ్డాడు. నవనీత సేఫ్!

ఆ తర్వాత ఎవరు ఎవరి మీద పడ్డారో తెలియదు. భీమేశ్వరరావు సార్ ఈల ఊదుతూనే ఉన్నారు. రసజ్ఞ భుజం నొప్పి మరిచిపోయి నన్ను ఎత్తబోయింది. నవనీత మాత్రం మొదటి బేసు దగ్గర్నుంచి మా అందరినీ దాటుకుని తిన్నగా హోమ్ దగ్గరికి పరిగెత్తి ఆగిపోయింది. కింద చూసింది, నన్ను చూసింది.

"అక్కా, బ్యాట్ ఈడనే ఉన్నది" అంది. "ఎవ్వలు ఎత్తుకపోలె."

కప్పు అందుకున్నప్పుడు నాకు ఏడుపు రాలేదు. ఆ మాటకి మాత్రం వచ్చింది.