ఎలుగుబంటిలో బాలన్న

సెలవురోజు శుక్రవారం మధ్యాహ్నం అన్నాలు తిన్నాక మామీర్ కూలీల క్యాంపులో ఎవరినైనా పడుకోమంటే కొట్టడానికి వచ్చేవారు. అది సోమరాజు సినిమా చెప్పే వేళ.

సోమరాజుది అమలాపురం వైపు. బహ్రెయిన్‌లో సిమెంటు పనికి రాకముందు ఊళ్ళో పద్యనాటకాల్లో వేషాలు వేసేవాడు. వేషాలంటే కృష్ణుడూ, అర్జునుడూ అనుకునేరు. మనవాడు ద్వారపాలకుడు, దూత, ముసలి మంత్రి. ఓసారి చెలికత్తె రాకపోతే చీర కూడా కట్టాడు. తెరవెనక అశరీరవాణి పలకాల్సి వస్తే మాత్రం అందరూ అతని వైపే చూసేవారు. గొంతు అలాంటిది. చప్పట్లు మటుకు తెరముందున్నవాడికే పోయేవి, పాపం.

క్యాంపులో టీవీ, వీసీఆర్ ఉన్నాయి గానీ తెలుగు క్యాసెట్లు అరిగి అరిగి బొమ్మ మీద వాన కురిసేది. తొంభై అయిదులో ఓ అమెరికా ఇంజనీరు పని ముగించుకుని వెళ్ళిపోతూ పెట్టెడు ఇంగ్లీషు క్యాసెట్లు వీళ్ళకి వదిలేశాడు. ఆ భాష క్యాంపులో ఎవరికీ రాదు. సోమరాజుకూ రాదు. అదేమంత అడ్డం కాలేదు. టీవీ పక్కన స్టూలు వేసుకుని, హీరోకో గొంతు, విలన్‌కో గొంతు, హీరోయిన్‌కో గొంతు, చివరికి గుర్రానికి కూడా ఓ గొంతు పెట్టి, కథంతా తెలుగులో తనే నడిపేసేవాడు. ఆ ఇంజనీరు వింటే ఏమైపోయేవాడో గానీ క్యాంపు మాత్రం పొట్ట చెక్కలయ్యేలా నవ్వేది.

ఆ సినిమాల్లో హీరోలు మారేవారు. ఓ బట్టతల మనిషి మాత్రం దాదాపు అన్నింట్లోనూ ఉండేవాడు. ఒకదాంట్లో పోలీసు, ఒకదాంట్లో వంటవాడు, ఇంకోదాంట్లో లారీ డ్రైవరు, ఓసారి ఏకంగా జడ్జి. అచ్చం తన మేనమామ బాలన్న లాగే ఉన్నాడన్నాడు జగిత్యాల వెంకటి. అంతే, అతను బాలన్న అయిపోయాడు. ఏ సినిమాలో వచ్చినా సోమరాజు అతనికి ఒకటే గొంతు, వెంకటి వాళ్ళ యాసతో, ఖాయం చేశాడు. దాంతో వచ్చింది తంటా. సినిమాలు వేరువేరన్న సంగతి మరిచిపోయి, జనం బాలన్న బతుకునంతా ఒక్క కథగా కలిపేసుకున్నారు.

"మొన్న లారీ నడిపిండు, ఇయ్యాల వంట చేస్తుండు. ఆ కఫీల్‌తోని పడలేనట్టుంది పాపం," అని వెంకటి నిజంగానే బాధపడేవాడు. కఫీల్ అంటే అక్కడ వీసా ఇచ్చి పనికి పెట్టుకునే యజమాని.

ఇక బాలన్న చచ్చిపోయే సీను వస్తే పెద్ద గొడవ. "సచ్చుడేంది? సెలవు మీద ఇంటికి పోయిండని చెప్పే!" అని వెంకటి లేచి నిలబడేవాడు. సోమరాజు కాదనేవాడు కాదు. తుపాకీ దెబ్బ తిని నెత్తుట్లో పడి ఉన్న బాలన్న, "యల్లా భాయ్, ఊరికి పోయొస్త. నా సామాన్ పైలం," అని కళ్ళు మూసేవాడు.

సోమరాజుకు ఆ మనిషంటే లోలోపల ఎంతో ఇష్టం. వాడూ తనలాంటివాడే. ఎవరూ ముందుకు రానివ్వరు, అయినా ఇచ్చిన వేషాన్ని ఉత్తినే పోనివ్వడు. పోలీసైనా జడ్జయినా, మాట మొదలుపెట్టే ముందు ముక్కులోంచి "హుఁ" అని చిన్న నవ్వు నవ్వేవాడు. ఆ నవ్వు మీద మాత్రం సోమరాజు ఏనాడూ తన గొంతు వేయలేదు.

ఆ చలికాలం సోమరాజు గొంతు బొంగురుపోయింది. సిమెంటు దుమ్మే అనుకుని మిరియాల కషాయం తాగించారు. తగ్గలేదు. ఆస్పత్రిలో చూసి గొంతులో చిన్న కాయ ఉందన్నారు, కోసి తీశారు. నెల రోజులు నోరు మెదపవద్దన్నారు. ఆ నెలంతా క్యాంపులో సినిమా లేదు.

గడువు తీరిన నాడు, చుట్టుపక్కల ఎవరూ లేకుండా చూసి, "మహారాజా!" అని పలికి చూసుకున్నాడు. వచ్చిన గొంతు ఎవరిదో. సన్నగా, చిరిగిన గుడ్డలా ఉంది. సోమరాజుకు ఏడుపొచ్చింది. ఇంతమందిలో తనూ ఒక మనిషని తెలిసిందే ఆ గొంతు వల్ల. అది పోయాక తనెవరు? సిమెంటు బస్తాలు మోసేవాళ్ళలో ఒకడు, అంతే. డాక్టరు ఇంకా మాట్లాడొద్దన్నాడని అందరికీ సైగ చేసి ఊరుకున్నాడు.

ఆ శుక్రవారం వెంకటి ఉండబట్టలేక పెట్టె అడుగున మిగిలిన క్యాసెట్ తీశాడు. చిన్నపిల్లల బొమ్మల సినిమా అని ఇన్నాళ్ళూ ఎవరూ ముట్టనిది. "మాటలు లేకున్నా బొమ్మలు సూద్దాం," అన్నాడు. సోమరాజును రెక్క పట్టుకుని తెచ్చి స్టూలు మీద కూర్చోబెట్టారు. ఆ స్టూలు ఖాళీగా ఉంటే చూడబుద్ధి కాదట.

కుందేళ్ళు, నక్కలు గంతులేశాయి. ఒక్క ముక్క అర్థమైతే ఒట్టు. ఇద్దరు ముగ్గురు గోడకానుకుని కునికిపాట్లు మొదలుపెట్టారు కూడా. అంతలో చెట్టు చాటు నుంచి లావుపాటి ఎలుగుబంటి ఒకటి వచ్చి, కీచుగొంతుతో ఏదో చెప్పబోతూ, ముందుగా ముక్కులోంచి "హుఁ" అంది.

వెంకటి దిగ్గున లేచాడు. "బాలన్న! గాయన మన బాలన్న!"

"ఎలుగ్గొడ్డండీ బాబూ అది," అన్నాడు కాకినాడ మణికుమార్.

"అయితేంది? గొంతు మార్సిండు. గొంతు మారిస్తే మనిషి మారుతడా? నాకెర్క లేదా బాలన్న?"

ఎలుగుబంటి మళ్ళీ "హుఁ" అంది. ఈసారి అందరికీ వినిపించింది. గది గదంతా ఘొల్లుమంది. కునికేవాళ్ళు కూడా లేచి కూర్చున్నారు.

సోమరాజు కదలకుండా ఆ ఎలుగుబంటినే చూశాడు. బాలన్న కూడా అశరీరవాణి పలికాడన్నమాట. ముఖం లేదు, బట్టతల లేదు, గొంతైనా పాత గొంతు కాదు. అయినా ఎక్కడో పుట్టిన వెంకటి ఇట్టే పట్టేశాడు. సోమరాజుకు కళ్ళలో నీళ్ళు తిరిగాయి. సంతోషమో, అసూయో, రెండూనో.

ఎలుగుబంటి మళ్ళీ నోరు తెరిచింది. ఆ నవ్వును పోనిచ్చి, సోమరాజు తన చిరిగిన గొంతుతోనే అందుకున్నాడు. "గుర్తుపడ్తరనుకోలేదురా! ఏం జెయ్యాలె? కొత్త కఫీల్ గీ గొంగడి కప్పుకొమ్మన్నడు."

అందరూ అతని వైపు తిరిగారు. సోమరాజు స్టూలు మీంచి లేవబోయాడు.

అప్పుడే ఓవర్‌టైం నుంచి వచ్చిన పరమేశ్ తలుపు అవతల బూట్లు విప్పుకుంటున్నాడు. లోపల ఎవరున్నదీ అతనికి కనిపించదు. ఈ కొత్త గొంతు సంగతి అతనికి ఎవరూ చెప్పలేదు కూడా. అక్కడి నుంచే కేకేశాడు.

"ఓ సోమరాజన్నా, జర ఆగు! నేనచ్చేదాక బాలన్నను మాట్లాడనియ్యకు!"

సోమరాజు బొమ్మ ఆపాడు. పరమేశ్ వచ్చి కూర్చున్నాక మళ్ళీ మొదలుపెట్టాడు.